మంగళం పాడని కథ

గత వేసవి సెలవుల్లో మా అబ్బాయితో కలిసి, బొమ్మ కార్ల మీద తీసిన 'హాట్ వీల్స్ యాక్సెలరేసర్స్' అనే నాలుగు యానిమేషన్ సినిమాలనూ వరుసగా నాలుగు సాయంత్రాలు చూశాను. నాలుగో రాత్రి చివరి పేర్లు పడుతుండగా వాడు లేచి కూర్చుని, "ఐదోది పెట్టు నాన్నా" అన్నాడు. ఐదోది లేదన్నాను. ఇంకా రాలేదా అని అడిగాడు. రాలేదు, ఇన్నేళ్ళ తరువాత ఇక వచ్చేలా లేదన్నాను. ఎందుకని అడిగితే, నాకు తోచినంతలో, ఆ కార్లు చేయడం ఆపేశారు కాబట్టి సినిమాలు కూడా ఆపేశారని చెప్పాను. వాడు కాసేపు ఊరుకుని, "కార్లు ఆపేస్తే కథ ఎందుకు ఆగాలి?" అన్నాడు.

పదేళ్ళ పిల్లవాడి ప్రశ్న అది. ఆ రాత్రి నా దగ్గర జవాబు లేదు. ఆ తరువాత చాలా రోజులు ఆలోచించి ఒక అభిప్రాయానికి వచ్చాను. బొమ్మలు అమ్మడానికి కథ పుట్టించడంలో నాకు పెద్ద తప్పు కనిపించదు. అలా పుట్టించిన కథలో పిల్లలను నిజంగా లీనం చేసి, ఆ తరువాత దాన్ని సగంలో వదిలేయడం మాత్రం తప్పు. ఆ తప్పును మనం తప్పుగా లెక్కించకపోవడానికి కారణం, అది బొమ్మల కథే కదా అన్న చిన్నచూపు.

ప్రకటన అన్న ముద్ర

ఈ సినిమాల గురించి పెద్దవాళ్ళతో మాట్లాడితే మొదట వచ్చే మాట, "అదంతా ప్రకటనేనండీ" అన్నది. ఆ మాటలో అబద్ధం లేదు. 1968లో మాటెల్ సంస్థ హాట్ వీల్స్ కార్లను విడుదల చేసింది. మరుసటి ఏడాదే, 1969లో, అదే పేరుతో అమెరికాలోని ఏబీసీ ఛానెల్‌లో ఒక కార్టూన్ ధారావాహిక మొదలైంది. పోటీ బొమ్మ కార్లు తయారు చేసే టాపర్ అనే సంస్థ, ఇది కార్యక్రమం రూపంలో ఉన్న ప్రకటన అని అక్కడి ప్రసార నియంత్రణ సంస్థకు ఫిర్యాదు చేసింది. నియంత్రణ సంస్థ ఆ వాదనతో చాలావరకు ఏకీభవించి, అందులో కొంత భాగాన్ని ప్రకటనల సమయం కింద లెక్క చూపాలని స్టేషన్లకు చెప్పింది. అంటే బొమ్మకు కథ కట్టవచ్చా అన్న తగవులో మొదటి ముద్దాయిల్లో ఈ చిన్న కారు కూడా ఒకటి. 1984లో ఆ నియంత్రణలు సడలిన తరువాత బొమ్మల ఆధారంగా కార్టూన్లు వెల్లువెత్తాయి. 2003 నాటికి, హాట్ వీల్స్‌కు ముప్పై అయిదేళ్ళు నిండిన సందర్భంగా 'యాక్సెలరేసర్స్'కు ముందుకథ అయిన 'హైవే 35 వరల్డ్ రేస్' వచ్చినప్పుడు ఇది తగవుగా కూడా మిగలలేదు. ముప్పై అయిదు కార్లు, ముప్పై అయిదుగురు డ్రైవర్లు, ఏడేసి మంది చొప్పున అయిదు జట్లు. ఈ లెక్క కథకుడి బల్ల మీద తేలినది కాదని ఎవరికైనా అర్థమవుతుంది.

మా అమ్మమ్మ సంక్రాంతికి కొలువు పెట్టేది. దశావతారాల సెట్టులో ఒక సంవత్సరం వామనుడి గొడుగు విరిగితే, చీపురు పుల్లకు రంగు కాగితం అంటించి పట్టించింది. ఆ బొమ్మను చూసి మాకు కథ పుట్టలేదు. కథ తెలుసు కాబట్టి గొడుగు లేని వామనుడిని చూడలేకపోయాం. మనకు అలవాటైన వరుస ఇది, ముందు కథ, తరువాత బొమ్మ. మన హైదరాబాదులో పుట్టిన ఛోటా భీమ్ కూడా 2008లో ముందు తెర మీదికి వచ్చి, ఆ తరువాతే పెన్సిల్ పెట్టెల మీదికీ సంచుల మీదికీ ఎక్కాడు. ఈ వరుస తిరగబడితే మనకు అనుమానం కలగడం సహజమే. నాకూ కలిగింది. మొదటి సాయంత్రం నేను అబ్బాయి పక్కన కూర్చున్నది సినిమా చూడడానికి కాదు, వాడి తల మీద ఏ వస్తువును రుద్దుతున్నారో కనిపెట్టడానికి.

అయితే రెండో సాయంత్రానికి నా చూపు మారింది. మారడానికి కారణం ఒక చనిపోయిన మనిషి.

నోలో అన్న

2005లో వచ్చిన ఈ నాలుగు సినిమాల్లో రెండు జట్లుంటాయి. టెకు జట్టువి జపాన్ తరహాలో తీర్చిదిద్దిన నాజూకు కార్లు. మెటల్ మేనియాక్స్ జట్టువి పాతకాలపు అమెరికన్ మొరటు ఇంజన్ల కార్లు. టెకు నాయకుడు నోలో పసారోకు టోన్ అనే అన్న ఉండేవాడు. మేనియాక్స్ నాయకుడు టార్క్‌తో పందెంలో అతను చనిపోయాడు. నోలో దృష్టిలో టార్క్ హంతకుడు. డాక్టర్ టెజ్లా అనే శాస్త్రవేత్త ఈ రెండు జట్లనూ ఒకే కప్పు కిందికి తెచ్చి, గ్రహాంతర జాతి ఒకటి నిర్మించిపోయిన వింత లోకాల్లో రోబో డ్రోన్లతో కలిసికట్టుగా పోటీ పడమంటాడు. అన్నను చంపాడని తాను నమ్మే మనిషి పక్కనే నోలో కారు నడపాలి. కర్ట్, మార్క్ అనే మరో ఇద్దరు అన్నదమ్ములైతే ఎదురెదురు జట్లలో ఉంటారు.

బొమ్మ కార్లు అమ్మడానికి ఇవేవీ అక్కరలేదు. కారు గాలిలో పల్టీ కొట్టి నేల మీద నిలిస్తే చాలు, పిల్లవాడు దుకాణానికి లాక్కుపోతాడు. అయినా ఎవరో ఒక రచయిత బల్ల దగ్గర కూర్చుని, ఈ పిల్లలకు దుఃఖం గురించి చెప్పాలని నిర్ణయించుకున్నారు. వేగానికి మూల్యం ఉంటుందన్న సంగతి, వేగాన్ని అమ్మే సరుకులోనే పెట్టారు. అది చూసిన తరువాత దీన్ని వట్టి ప్రకటన అనడానికి నాకు నోరు రాలేదు.

ఇంకొకటి కూడా చెప్పాలి. ఆ వింత లోకాల్లో ఒక్కొక్కదానికి ఒక్కొక్క స్వభావం ఉంటుంది. ఒకటి బురద నేల, ఒకటి నీళ్ళ అడుగు, ఒకటి గుహ, ఒకటి తుక్కు కుప్ప, ఒకటి తుపాను. ముగింపు గీత చేరాలంటే ఎదుటి కారు కంటే ముందు ఆ లోకాన్ని జయించాలి. ఇది చూస్తుంటే నాకు మా ఇల్లు గుర్తొచ్చింది. మా వాడు కారును స్నానాల గదిలో బకెట్టు అడుగుకు పంపుతాడు, మంచం కింది చీకట్లోకి తోస్తాడు, అటక మీది పాత సామాన్ల మధ్య దాస్తాడు, తిరిగే ఫ్యాను గాలి కింద దిండ్ల మీద నడుపుతాడు. అరచేతిలో ఇమిడే కారుతో పిల్లలు ఆడే ఆటను బాగా గమనించినవాళ్ళే ఆ లోకాలను ఊహించగలరు. బొమ్మ కారులో డ్రైవరు ఉండడు, దాన్ని కదిలించేది పిల్లవాడి చెయ్యి. ఈ కథలో శత్రువులు కూడా మనిషి అవసరం లేని డ్రోన్లే. చక్రం వెనక మనిషి ఉండాలా వద్దా అన్నదే ఇక్కడి యుద్ధం. ఇది కాకతాళీయమని నేననుకోను.

లోపాలు లేవనడం లేదు. ముఖాలు బిగుసుకుపోయి ఉంటాయి, సగం సంభాషణలు కేకలే, అమ్మాయిలు ఇద్దరు ముగ్గురికి మించి కనిపించరు. 'వరల్డ్ రేస్'లో ముప్పై అయిదుగురిలో పాతికమంది పేర్లు కూడా మనకు గుర్తుండవు. 'యాక్సెలరేసర్స్'లో ఆ సంఖ్యను బాగా తగ్గించి, మిగిలినవారికి గతమూ పగా ఇచ్చారు. మొదటిదానికీ రెండోదానికీ మధ్య రెండేళ్ళలో జరిగిన ఈ ఎదుగుదలే నన్ను ఆకట్టుకుంది, ఆ ఎదుగుదలే నా ఫిర్యాదుకూ మూలం. ఏ భాగానికి ఆ భాగం ముగిసిపోయే కథలు ఎక్కడ ఆగిపోయినా ఎవరికీ ఏమీ బాకీ ఉండవు. ఛోటా భీమ్ రేపు ఆగిపోయినా, లడ్డూ తిని ఊరిని కాపాడిన నిన్నటి కథ పూర్తయినట్టే. ఒక సినిమాలో వేసిన ముడిని తరువాతి సినిమాలో విప్పుతామన్నవాళ్ళు మాత్రం చూసేవాళ్ళకు అప్పు పడతారు. నాలుగో సినిమా 'ది అల్టిమేట్ రేస్' చివర పందెం ముగుస్తుంది గాని, పాత ముడులు కొన్ని అలాగే ఉండగా కొత్త ముడులు పడతాయి. సైలెన్సర్స్ అనే మూడో వర్గం కథ పూర్తిగా విప్పనేలేదు. అవన్నీ 2005 అక్టోబరు నుంచి అక్కడే ఉన్నాయి.

వదిలేయడమే మేలు కదా

నా వాదనకు ఎదురయ్యే మాటల్లో నన్ను ఎక్కువగా ఇబ్బంది పెట్టినది మా ఆవిడ అన్నది. "బొమ్మ ఉన్నది ఆడుకోవడానికి. కథను సినిమావాళ్ళే ముగించేస్తే పిల్లాడు ఆడుకోవడానికి ఏం మిగులుతుంది? సగంలో ఆపితేనే మంచిది" అంది. చాలా రోజులు ఈ మాటకు సమాధానం దొరకలేదు. బొమ్మ కథ తెరిచి ఉంటేనే ఆట సాగుతుందన్నది బలమైన మాట. కథను మొత్తం తెర మీదే పూర్తి చేస్తే పిల్లలు దాన్ని వల్లించడమే తప్ప ఆడరేమో అన్న భయం నాకూ ఉంది.

తరువాత ఒక ఆదివారం జరిగింది చెబుతాను. మా వాడు హాల్లో చాప మీద కార్లన్నీ పరిచి ఐదో సినిమా మొదలుపెట్టాడు. వాటిలో ఒక్కటీ ఆ సినిమాల్లోని కారు కాదు, మామూలుగా దుకాణంలో దొరికేవే. వాడు ఒక నీలం కారుకు నోలో పేరు, ఇంకొక దానికి టార్క్ పేరు పెట్టాడు. గంటసేపు లోకాలు దాటించి చివరికి నీలం కారునూ ఇంకో కారునూ పక్కపక్కన నిలబెట్టి, "ఇద్దరూ గీత ఒకేసారి దాటారు" అని ప్రకటించాడు. చాలా బాగుందిరా, కథ పూర్తయింది కదా అన్నాను. వాడు నా వైపు చూసి, "ఇది నేను చెప్పింది నాన్నా. అసలు ఏమైందో నాకు తెలీదు కదా" అన్నాడు.

పిల్లలకు ఈ తేడా తెలుసని నాకు అప్పటిదాకా తెలియదు. తాము అల్లుకున్న కథ వేరు, తమకు ఇతరులు చెప్పిన కథ వేరు. మొదటిదాని మీద వాళ్ళకు పూర్తి అధికారం ఉంది. రెండోదాని మీద ఉన్నది హక్కు, వినే హక్కు. ఒకటి ఉంది కదా అని రెండోదాన్ని వాళ్ళు వదులుకోరు. ఆకలితో ఉన్నవాడు తానే వండుకోగలిగినంత మాత్రాన, భోజనానికి పిలిచి సగంలో విస్తరి ఎత్తేసినవారి పని సబబైపోదు. కథకుడు కావాలని తలుపు తెరిచి ఉంచితే అందులోంచి బయటికి చూడడానికి ఒక లోకం కనిపిస్తుంది. మధ్యలో తెంచేసిన చోట మాత్రం తెగిన అంచే కనిపిస్తుంది. 'ది అల్టిమేట్ రేస్' చివర నాకు కనిపించినది ఆ అంచే.

చిన్నప్పుడు మా ఊరి రామాలయంలో శ్రీరామనవమి పందిట్లో ఒక దాసుగారు రుక్మిణీ కల్యాణం చెబుతున్నారు. అగ్నిద్యోతనుడు ద్వారకకు బయల్దేరిన చోట ఈదురుగాలి వచ్చి పందిరి తాటాకులు లేచిపోయాయి, కరెంటు పోయింది, జనం ఎటువాళ్ళటు పరుగెత్తారు. ఆయనకు మాట్లాడుకున్నది ఒక్క రాత్రికే, ఆ సొమ్ము ముట్టింది కూడా. మర్నాడు పొద్దున్న బస్సెక్కవలసిన మనిషి ఆగిపోయి, సాయంత్రం గుడి అరుగు మీద ఇరవైమంది ముందు, ఎర్రటి లాంతరు వెలుగులో, మైకు లేకుండా మిగిలిన కథ చెప్పి మంగళం పాడి వెళ్ళారు. మా తాతయ్య ఆయనకు ఇంకేమైనా ఇవ్వబోతే, "కథ ఎత్తుకున్నాక మంగళం పాడకుండా ఊరి పొలిమేర దాటకూడదు బాబూ, దీనికి డబ్బెందుకు" అన్నారు. మన భాషలో 'మంగళం పాడేశారు' అంటే వ్యవహారాన్ని మూసేశారని కూడా అర్థం. ఈ బొమ్మ కార్ల విషయంలో రెండో అర్థంలో మంగళం పాడారు, మొదటి అర్థంలో పాడలేదు. నా బాధ అంతా ఈ రెండింటి మధ్యే ఉంది.

తప్పు బొమ్మదేనా

ఇక్కడ నా వాదన మీద నాకే ఒక అనుమానం ఉంది. ఈ సినిమాలను తీసినది కెనడాలోని వాంకూవర్‌లో ఉన్న మెయిన్‌ఫ్రేమ్ అనే స్టూడియో. పూర్తిగా కంప్యూటరు మీద తయారైన తొలి అరగంట టీవీ ధారావాహికగా పేరుపొందిన 'రీబూట్'ను 1994లో తెచ్చింది వాళ్ళే. అది ఏ బొమ్మ కోసమూ పుట్టలేదు, సొంత కథ. అయినా 2001లో నడి ఉత్కంఠలో ఆగిపోయింది. అదే స్టూడియో 1996లో మొదలుపెట్టిన 'బీస్ట్ వార్స్' అచ్చంగా బొమ్మల కోసం పుట్టినది. అది మాత్రం మూడు సీజన్లలో తన యుద్ధాన్ని ముగించి, చెప్పవలసింది చెప్పి వెళ్ళింది. బొమ్మల కథ పూర్తయింది, బొమ్మలు లేని కథ తెగిపోయింది. అలాంటప్పుడు దోషాన్ని బొమ్మ నెత్తిన ఎలా పెట్టగలం?

పెట్టలేమని ఒప్పుకుంటాను. డబ్బు ఆగితే ఏ కథయినా ఆగుతుంది. నవలను ధారావాహికగా వేస్తున్న వారపత్రిక మూతబడితే నవల ఆగిపోవడం మన దగ్గరా జరిగింది. అయితే ఒక తేడా ఉంది. వారపత్రిక నవల ఆగితే పాఠకులు గోల చేస్తారు, రచయితను దారిలో పట్టుకుని తరువాతేమైందని అడుగుతారు, అది సాహిత్యానికి జరిగిన నష్టమని ఎవరో ఒకరు రాస్తారు. బొమ్మల కథ ఆగితే బాధపడేవాళ్ళ వయసు ఎనిమిదీ పదీ. వాళ్ళకు ఉత్తరాలు రాయడం రాదు. వాళ్ళ తరఫున మాట్లాడవలసిన మనం "పోనీలే, బొమ్మల సినిమా" అంటాం. 2005లో ఎనిమిదేళ్ళున్నవాళ్ళకు ఇప్పుడు ముప్పైకి అటూ ఇటూ ఉంటాయి. వాళ్ళలో కొందరు ఇవాళ్టికీ ఇంటర్నెట్‌లో ఐదో సినిమా కావాలని అడుగుతూనే ఉన్నారు. దాన్ని పాత బొమ్మల మీది మమకారం అని కొట్టేసేవారున్నారు. రెండు పదుల ఏళ్ళుగా ఒక ముగింపు కోసం అడుగుతున్నవాళ్ళు బొమ్మను అడుగుతున్నారని నేననుకోను, ఎందుకంటే ఆ కార్లు పాతసరుకుగానైనా ఎక్కడో దొరుకుతాయి. దొరకనిది కథ.

హైదరాబాదులో యానిమేషన్ స్టూడియోల్లో పదేళ్ళు పనిచేసిన నా మిత్రుడొకరితో ఈ సంగతి మాట్లాడాను. విదేశీ కాంట్రాక్టు పనులు చేసేవాళ్ళ అనుభవం ఆయనకు బాగా తెలుసు. ఒకసారి తాము ఒక ధారావాహికకు పనిచేస్తుండగా మధ్యలో ఆర్డరు ఆగిపోయిందట. "నేను ఎనిమిది నెలలు ఒక పిల్లవాడి పాత్రను నడిపించాను. వాడు ఇల్లు చేరాడో లేదో నాకే తెలియదు" అన్నారు. మొదట ఆయన దీన్ని మామూలుగానే చెప్పారు. కాసేపయ్యాక, కథారేఖ కాగితం మీద ఎక్కడో రాసే ఉంటుందనీ, సాధారణంగా ముందే రాసుకుంటారనీ, అది ఎవరి సొరుగులోనో ఉండిపోతుందనీ చెబుతూ మాట ఆపేశారు.

ఆయన మాట విన్నాకే నేను అడగదలచుకున్నది స్పష్టమైంది. అమ్ముడుపోని సరుకు కోసం కోట్లు పెట్టి సినిమా తీయమని ఎవరినీ అడగలేం, అడగడం న్యాయం కూడా కాదు. వ్యాపారం చేసేవారికి ఆపేసే హక్కుంది. కాని కథను ముగించడానికి సినిమాయే అక్కరలేదు. ఆ సొరుగులోని కాగితాన్ని బయటపెట్టినా చాలు. నలభై పుటల బొమ్మల పుస్తకమైనా సరిపోతుంది. ఈ కార్లతోపాటు ఆటకార్డులు కూడా అచ్చువేసి అమ్మిన రోజులున్నాయి కాబట్టి, కాగితం మీద అచ్చువేయడం వాళ్ళకు కొత్త పని కాదు. పిల్లలకు తరువాయి భాగం ఉందని చెప్పి మొదలుపెట్టే ప్రతి కథకూ, ఆగిపోవలసి వస్తే ఎలా ముగించాలన్న ఖర్చును కూడా మొదటి రోజే లెక్కలో వేసుకోవాలి. ఇల్లు కట్టే మేస్త్రీ పునాది తవ్వేనాడే పైకప్పు లెక్క కట్టినట్టే ఇది కూడా.

దీనికి బదులుగా జరిగినదేమిటంటే, 2009లో 'బ్యాటిల్ ఫోర్స్ 5' అని ఇంకొక ధారావాహిక వచ్చింది. అందులో కథానాయకుడి పేరు మళ్ళీ వర్ట్ వీలరే, 'యాక్సెలరేసర్స్'లోని ఒక డ్రైవరు పేరే అది. అబ్బాయి వేరు, లోకం వేరు, కథ వేరు. పేరు ఆస్తి కాబట్టి దాన్ని నిలుపుకున్నారు. ఆ పేరుగల పాత పిల్లవాడు ఏమయ్యాడన్నది ఎవరి ఆస్తీ కాదు కాబట్టి దాని ఊసు లేదు. కొత్తది చెడ్డదని నేననను, దాన్ని ఇష్టపడే పిల్లలు చాలామందే ఉన్నారు. నేను మాత్రం అది వచ్చిందని మా వాడికి చెప్పి పొరపాటు చేశాను. వర్ట్ పేరు వినగానే ఎగిరి గంతేసి, మొదటి భాగం పది నిమిషాలు చూసి, "ఇతను అతను కాదు" అని లేచి వెళ్ళిపోయాడు.

మొన్న వాడి పుట్టినరోజుకు మా చెల్లెలు ఇంకో కారు తెచ్చింది. వాడు అట్ట విప్పకుండానే వెనక్కి తిప్పి, దానికి కథ ఉందేమోనని చూశాడు. లేదు. "అయితే నేనే చెప్పుకోవచ్చు" అంటూ విప్పి మంచం కిందికి తోశాడు. నీలం కారు మాత్రం ఆటలో లేదు. అది వాడి పుస్తకాల అరలో, గోడ వైపు ముఖం పెట్టి ఉంది. ఎందుకలా పెట్టావని అడిగితే, అది వేరే కథలో ఉందని, ఆ కథ ఇంకా అవ్వలేదని చెప్పాడు.